దావా వేసిన చేత్తోనే ఓటు అడిగే పదవి

2025 జనవరి 20న రెండోసారి పదవి చేపట్టిన కొద్ది గంటల్లోనే అధ్యక్షుడు డొనాల్డ్ ట్రంప్ ఒక ఉత్తర్వు మీద సంతకం పెట్టారు. అమెరికా గడ్డ మీద పుట్టిన బిడ్డకు పుట్టుకతోనే వచ్చే పౌరసత్వాన్ని అది కుదించింది. తల్లి తాత్కాలిక వీసా మీద ఉండి, తండ్రికి పౌరసత్వం గానీ గ్రీన్‌కార్డు గానీ లేకపోతే, ముప్పై రోజుల తర్వాత పుట్టే బిడ్డను అమెరికన్‌గా గుర్తించరు. హెచ్‌1బీ వీసా మీద ఉన్న దంపతులకు ఇది నేరుగా తగిలే దెబ్బ. కడుపుతో ఉన్న కూతురో కోడలో అక్కడ ఉన్న తెలుగు ఇళ్లలో, డెలివరీ డేట్ ఫిబ్రవరి మూడో వారానికి ముందా తర్వాతా అన్న టెన్షన్ మొదలైంది.

సంతకం పడిన మూడో రోజున, జనవరి 23న, సియాటెల్‌లో ఒక ఫెడరల్ జడ్జి ఆ ఉత్తర్వును ఆపేశారు. రిపబ్లికన్ అధ్యక్షుడు రోనాల్డ్ రీగన్ నియమించిన పెద్దాయన ఆయన. ఇది రాజ్యాంగానికి పచ్చిగా విరుద్ధమని నిండు కోర్టులో అన్నారు. ఆ కోర్టు తలుపు తట్టింది వాషింగ్టన్, ఆరిజోనా, ఇల్లినాయ్, ఓరెగన్ రాష్ట్రాల అటార్నీ జనరళ్లు, అంటే ఆ రాష్ట్రాల తరఫున కోర్టుల్లో నిలబడే ప్రధాన లాయర్లు. వాళ్లు దావా వేసిన జనవరి 21నే మరో 18 రాష్ట్రాలు కలిసి మసాచుసెట్స్‌లో ఇంకో దావా వేశాయి. వాషింగ్టన్ రాష్ట్రం తరఫున ముందు నిలిచిన నిక్ బ్రౌన్ పదవిలోకి వచ్చి అప్పటికి వారం కూడా కాలేదు. ఆయనకు ముందు పన్నెండేళ్లు అదే కుర్చీలో ఉన్న బాబ్ ఫెర్గూసన్, బ్రౌన్ ప్రమాణం చేసిన రోజునే ఆ రాష్ట్ర గవర్నర్‌గా ప్రమాణం చేశారు.

అమెరికా రాజకీయాలు చూసేవాళ్లకు ఇందులో వింతేమీ కనపడదు. ‘ఏజీ’ అంటే అటార్నీ జనరల్ కాదు, ‘ఆస్పైరింగ్ గవర్నర్’ అని అక్కడ ఎప్పటి నుంచో ఉన్న మాట. గవర్నర్ కావాలని కలలు కనే మనిషి అని అర్థం. అక్కడ గవర్నర్ అంటే మన ముఖ్యమంత్రిలా ఎన్నికై రాష్ట్రాన్ని పాలించే మనిషి. 2025లో గవర్నర్లుగా ఉన్నవాళ్లను చూస్తే ఆ మాట ఎంత నిజమో తెలుస్తుంది. టెక్సస్‌లో గ్రెగ్ అబట్, పెన్సిల్వేనియాలో జోష్ షపీరో, మసాచుసెట్స్‌లో మౌరా హీలీ, నార్త్ కరోలినాలో జోష్ స్టైన్, ఒహాయోలో మైక్ డివైన్, కెంటకీలో యాండీ బెషీర్, మెయిన్‌లో జానెట్ మిల్స్, లూసియానాలో జెఫ్ లాండ్రీ, వెస్ట్ వర్జీనియాలో పాట్రిక్ మోరిసీ, వాషింగ్టన్‌లో ఫెర్గూసన్. ఈ పది మందీ ఒకప్పుడు తమ రాష్ట్రాలకు అటార్నీ జనరళ్లే. వీళ్లలో రెండు పార్టీలవాళ్లూ ఉన్నారు.

గవర్నర్ మనిషి కాదు

మన దగ్గర ప్రతి రాష్ట్రానికీ ఒక అడ్వకేట్ జనరల్ ఉంటారు. రాజ్యాంగం 165వ అధికరణం కింద గవర్నర్ నియమిస్తారు, మాట మాత్రం మంత్రివర్గానిది. ప్రభుత్వం మారితే ఆయనా మారతారు. 2023 డిసెంబరులో తెలంగాణలో, 2024 జూన్‌లో ఆంధ్రప్రదేశ్‌లో అదే జరిగింది. ఆయన ప్రభుత్వం పెట్టుకున్న వకీలు. తనను నియమించిన ముఖ్యమంత్రి మీదే కేసు వేస్తారని ఎవరూ అనుకోరు.

అమెరికాలో 43 రాష్ట్రాల్లో ఈ పదవికి ప్రజలే నేరుగా ఓటు వేస్తారు. అలాస్కా, హవాయి, న్యూహాంప్‌షైర్, న్యూజెర్సీ, వయోమింగ్‌లలో గవర్నర్ నియమిస్తారు. మెయిన్‌లో శాసనసభ ఎన్నుకుంటుంది. టెనెసీలో రాష్ట్ర సుప్రీంకోర్టు ఎనిమిదేళ్లకు ఎంపిక చేస్తుంది. ఓటు వేసే రాష్ట్రాల్లో గవర్నర్‌కు, అటార్నీ జనరల్‌కు విడివిడిగా ఓట్లు పడతాయి. ఇద్దరూ వేర్వేరు పార్టీల వాళ్లు కావచ్చు. గవర్నర్‌కు ఆయన్ని తీసేసే అధికారం లేదు.

పని మాత్రం చాలా విశాలమైనది. రాష్ట్ర ప్రభుత్వ శాఖల మీద కేసు పడితే వాదించాలి. కొత్త చట్టం అర్థం ఏమిటని అధికారులు అడిగితే అభిప్రాయం చెప్పాలి. వినియోగదారులను మోసం చేసిన కంపెనీల వెంటపడాలి. వీటన్నిటి వెనక ఇంగ్లండు నుంచి వచ్చిన ఒక పాత న్యాయసూత్రం ఉంది. తనను తాను కాపాడుకోలేని ప్రజలకు రాజ్యమే తల్లిదండ్రుల స్థానంలో నిలబడి దావా వేయవచ్చన్నది దాని సారం. ఈ సూత్రాన్ని ఎంత దూరం లాగవచ్చో ఎవరూ గట్టిగా గీత గీయలేదు. అందుకే ఏ కేసు ఎత్తుకోవాలి, ఏది వదిలేయాలి అన్నది చాలావరకు ఆ ఒక్క మనిషి చేతిలో ఉంటుంది. ఈ పదవి బలం అక్కడే ఉంది. దాని మీద వచ్చే అనుమానాలు కూడా అక్కడి నుంచే పుడతాయి.

శాసనసభ్యుడు వందమందిలో ఒకడు. గవర్నర్ తర్వాతి స్థానంలో ఉండే లెఫ్టినెంట్ గవర్నర్‌కు చాలా రాష్ట్రాల్లో చెప్పుకోదగ్గ పని ఉండదు. అటార్నీ జనరల్‌కు మాత్రం సొంత ఆఫీసు, వందల మంది లాయర్లు, కంపెనీల కాగితాలు రప్పించే సమన్ల అధికారం, రాష్ట్రమంతటా చెల్లే పేరు ఉంటాయి. కేసు వేసిన రోజున విలేకరుల సమావేశం, తీర్పు వచ్చిన రోజున ఇంకొకటి. ఎన్నికల ప్రచారం అని పేరు పెట్టకుండానే నాలుగేళ్లు ప్రచారం నడుస్తుంది. బిల్ క్లింటన్ 1974లో అమెరికా పార్లమెంటు అయిన కాంగ్రెస్‌కు పోటీ చేసి ఓడిపోయారు. 1976లో ఆర్కన్సా అటార్నీ జనరల్ అయ్యి, కరెంటు చార్జీల పెంపును ఎదిరించి పేరు తెచ్చుకుని, 32 ఏళ్లకే గవర్నర్ అయ్యారు. ఆయనకంటే చాలా ముందు, 1815లో న్యూయార్క్‌కు అటార్నీ జనరల్ అయిన మార్టిన్ వాన్ బ్యూరెన్ కూడా చివరికి అధ్యక్షుడయ్యారు.

పాస్కగూలా నుంచి మొదలైన మార్పు

ఈ పదవికి ఇప్పుడున్న రూపం వచ్చింది ఒక చిన్న రాష్ట్రం నుంచి. 1994 మే 23న మిసిసిపి అటార్నీ జనరల్ మైక్ మూర్, సముద్రం ఒడ్డున ఉన్న తన సొంత ఊరు పాస్కగూలా కోర్టులో, సిగరెట్ కంపెనీల మీద రాష్ట్రం తరఫున దావా వేశారు. అప్పటిదాకా క్యాన్సర్ వచ్చిన మనుషులు వేసిన కేసుల్లో కంపెనీలు గెలుస్తూనే వచ్చాయి. తాగింది నువ్వు, ప్యాకెట్ మీద హెచ్చరిక చూసే తాగావు, బాధ్యత నీదే అన్న ఒక్క వాదన వాళ్లకు సరిపోయేది.

మూర్ బృందం దావా వేసే మనిషినే మార్చేసింది. మిసిసిపి రాష్ట్రం ఎన్నడూ సిగరెట్ తాగలేదు. కానీ పేదలకు ప్రభుత్వమే వైద్యం చేయించే మెడికెయిడ్ పథకం కింద, ఊపిరితిత్తులు పాడైన వాళ్ల ఆసుపత్రి బిల్లులు కట్టింది రాష్ట్రమే. మీ సరుకు వల్ల వచ్చిన ఖర్చు మీరు కట్టండి అన్నది వాళ్ల వాదన. పైగా కేసు వేసింది జ్యూరీ లేకుండా జడ్జి ఒక్కరే తేల్చే చాన్సరీ కోర్టులో.

ఆ రాష్ట్ర గవర్నర్ కిర్క్ ఫోర్డైస్‌కు ఈ కేసు అసలు నచ్చలేదు. తన అనుమతి లేకుండా మెడికెయిడ్ పేరు చెప్పి కేసు నడపడానికి వీల్లేదని, తన రాష్ట్ర అటార్నీ జనరల్ మీదే సుప్రీంకోర్టుకు వెళ్లారు. రాష్ట్ర సుప్రీంకోర్టు ఆయన మాట వినలేదు. విడివిడిగా ఎన్నికవడం అంటే ఏమిటో చెప్పడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకదు. నియమించే పద్ధతే అక్కడ ఉండి ఉంటే ఆ కేసు మొదటి నెలలోనే అటక ఎక్కేది.

1997 జులైలో కంపెనీలు మిసిసిపికి 300 కోట్ల డాలర్లకు పైగా కట్టడానికి ఒప్పుకున్నాయి. ఫ్లోరిడా, టెక్సస్, మిన్నెసోటా కూడా విడిగా తేల్చుకున్నాయి. 1998 నవంబరులో మిగిలిన 46 రాష్ట్రాలు నాలుగు పెద్ద కంపెనీలతో ఒకే ఒప్పందం మీద సంతకం పెట్టాయి. 25 ఏళ్లలో 20,600 కోట్ల డాలర్లు. హోర్డింగుల మీద సిగరెట్ ప్రకటనలు, పిల్లలను ఆకర్షించే కార్టూన్ బొమ్మలు ఆగిపోయాయి. కంపెనీల రహస్య కాగితాలు జనం కంటపడ్డాయి. కాంగ్రెస్ చట్టం చేయలేని పనిని కొన్ని రాష్ట్రాల లాయర్లు దావాలతో సాధించారు.

అయితే వచ్చిన డబ్బులో ఎక్కువ భాగం పొగ మాన్పించే పనికి వెళ్లలేదు. బడ్జెట్‌లో పడిన గుంటలు పూడ్చుకోవడానికి రాష్ట్రాలు వాడేసుకున్నాయి. ఆ ఒప్పందం గురించి గొప్పగా చెప్పేటప్పుడు ఈ సంగతి దాటేయడం న్యాయం కాదు. ఆ పాఠం మాత్రం వృథా పోలేదు. నొప్పికి వాడే మత్తు మాత్రల కేసుల్లో 2021లో జాన్సన్ అండ్ జాన్సన్‌తో, మందులు పంపిణీ చేసే మూడు కంపెనీలతో 2,600 కోట్ల డాలర్ల ఒప్పందం కుదిరినప్పుడు, కనీసం 85 శాతం డబ్బు ఆ వ్యసనం తెచ్చిన నష్టాన్ని సరిచేయడానికే ఖర్చు పెట్టాలని రాసుకున్నారు. దాన్ని ముందుండి నడిపిన వాళ్లలో పెన్సిల్వేనియా షపీరో, నార్త్ కరోలినా స్టైన్ ఉన్నారు. ఇద్దరూ తర్వాత గవర్నర్లయ్యారు.

పొగాకు ఒప్పందం కోసం చర్చలు నడిపిన వాషింగ్టన్ అటార్నీ జనరల్ క్రిస్టీన్ గ్రెగ్వార్ 2004లో గవర్నర్ పదవికి పోటీ చేశారు. మొదటి లెక్కింపులో 261 ఓట్ల తేడాతో ఓడారు. రెండోసారి లెక్కిస్తే తేడా 42. మూడోసారి చేత్తో లెక్కించాక 129 ఓట్లతో గెలిచారు. పోలైన ఓట్లు దాదాపు 28 లక్షలు. మిన్నెసోటా కేసు నడిపిన హ్యూబర్ట్ హంఫ్రీ, మాజీ ఉపాధ్యక్షుడి కొడుకు, 1998లో మల్లయోధుడు జెస్సీ వెంచురా చేతిలో ఓడిపోయారు. మైక్ మూర్ అసలు గవర్నర్‌కు పోటీయే చేయలేదు. 2004లో పదవి వదిలి మళ్లీ నల్లకోటు వేసుకున్నారు, మత్తు మాత్రల కేసుల్లోనూ పనిచేశారు. పదవి ఇచ్చిన కీర్తిని పదవి కోసం వాడుకోని మనుషులు ఈ చరిత్రలో తక్కువ. ఆయన్ని ప్రత్యేకంగా తలచుకోవలసింది అందుకే.

మిస్సోరి నిచ్చెన

ఈ పదవి ఒక నిచ్చెన అనడానికి మిస్సోరి రాష్ట్రాన్ని మించిన సాక్ష్యం లేదు. 1969లో అక్కడ అటార్నీ జనరల్ అయిన జాన్ డాన్‌ఫోర్త్ తర్వాత సెనేటర్ అయ్యారు. ఆయన ఆఫీసులో కుర్ర లాయర్లుగా పనిచేసిన వాళ్లలో ముగ్గురి పేర్లు చాలు. కిట్ బాండ్ గవర్నర్, ఆ తర్వాత సెనేటర్ అయ్యారు. జాన్ ఆష్‌క్రాఫ్ట్ అదే కుర్చీలో కూర్చుని, గవర్నర్, సెనేటర్, చివరికి దేశం మొత్తానికి అటార్నీ జనరల్ అయ్యారు. మూడో ఆయన క్లారెన్స్ థామస్, ఇప్పటి అమెరికా సుప్రీంకోర్టు న్యాయమూర్తి. ఒక రాష్ట్ర రాజధానిలోని ఒకే ఆఫీసు నుంచి ఇంతమంది!

నిచ్చెన అందరినీ పైకి చేర్చదు. ఆష్‌క్రాఫ్ట్ తర్వాత వచ్చిన విలియం వెబ్‌స్టర్ 1992లో గవర్నర్ ఎన్నికలో ఓడిపోయి, ఆ మరుసటి ఏడాది ప్రభుత్వ వనరుల దుర్వినియోగం కేసులో నేరం ఒప్పుకుని జైలుకు వెళ్లారు. జే నిక్సన్ పదహారేళ్లు ఓపిక పట్టి గవర్నర్ అయ్యారు. క్రిస్ కోస్టర్ 2016లో గవర్నర్ ఎన్నికలో ఓడారు.

అదే 2016లో అటార్నీ జనరల్‌కు పోటీ చేసిన జోష్ హాలీ ప్రచార ప్రకటన ఒకటి చాలామందికి గుర్తుంది. సూట్లు వేసుకున్న మనుషులు నిచ్చెనలు ఎక్కుతూ ఉంటారు, వాళ్ల మధ్య నుంచి ఆయన నడిచి వస్తూ, ఒక పదవిని పట్టుకుని ఇంకో పదవికి ఎగబాకే రాజకీయ నాయకులు మనకు వద్దని చెబుతారు. 2017 జనవరిలో ప్రమాణం చేశారు. ఆ అక్టోబరులోనే సెనేట్‌కు పోటీ చేస్తున్నట్టు ప్రకటించారు, 2018లో గెలిచారు. ఆయన ఖాళీ చేసిన కుర్చీలోకి వచ్చిన ఎరిక్ ష్మిట్ కూడా 2022లో సెనేటర్‌గా ఎన్నికయ్యారు. ఆ తర్వాతి ఆండ్రూ బెయిలీ 2025లో ఎఫ్‌బీఐలో పెద్ద పదవికి వెళ్లిపోయారు. ఓటరు నాలుగేళ్ల పనికి ఓటేస్తే మనిషి సగం దారిలో దిగిపోతున్నాడు. సగంలో ఉన్న కేసు ఫైళ్లను కొత్తగా వచ్చినవాళ్లు మొదటి పేజీ నుంచి చదువుకోవాలి. ఇలాంటి నష్టం ఎన్నికల లెక్కల్లో ఎక్కడా కనపడదు.

మురుగునీటి బిల్లు

కేసే ప్రచారంగా మారడం ఎలా ఉంటుందో దగ్గర నుంచి చూడాలంటే కెంటకీకి వెళ్లాలి. యాండీ బెషీర్ తండ్రి స్టీవ్ బెషీర్ కూడా ఒకప్పుడు ఆ రాష్ట్ర అటార్నీ జనరల్, తర్వాత గవర్నర్. కొడుకు 2015లో రెండు వేల పైచిలుకు ఓట్ల తేడాతో అటార్నీ జనరల్‌గా గట్టెక్కారు. అదే ఎన్నికలో రిపబ్లికన్ మ్యాట్ బెవిన్ గవర్నర్ అయ్యారు. ఇద్దరికీ మొదటి నుంచీ పడలేదు.

2018 మార్చి 29న రాష్ట్ర శాసనసభలో ఒక విచిత్రం జరిగింది. మురుగునీటి సేవలకు సంబంధించిన చిన్న బిల్లు ఒకటి సభలో ఉంది. అందులోని వాక్యాలన్నీ తీసేసి, టీచర్లు, ప్రభుత్వ ఉద్యోగుల పెన్షన్లను మార్చే దాదాపు మూడు వందల పేజీల చట్టాన్ని అందులో పెట్టారు. కొద్ది గంటల్లోనే రెండు సభలూ దాటించేశాయి. దాని నిండా ఏముందో చదివే టైం కూడా సభ్యులకు దొరకలేదు. టీచర్లు బడులు వదిలి రాజధాని ఫ్రాంక్‌ఫర్ట్ మెట్ల మీదకు వచ్చారు. గవర్నర్ సంతకం పెట్టిన మర్నాడే బెషీర్ కోర్టులో దావా వేశారు.

కోర్టులో గెలిపించింది చాలా చిన్న పాయింటు. ప్రతి బిల్లునూ ఒక్కో సభలో మూడు వేర్వేరు రోజుల్లో మూడుసార్లు చదవాలని కెంటకీ రాజ్యాంగం చెబుతుంది. చదివింది మురుగునీటి బిల్లును, పాస్ చేసింది పెన్షన్ బిల్లును. పేరు ఒకటి, లోపల సరుకు ఇంకొకటి అయితే చదివినట్టు కాదని 2018 డిసెంబరులో రాష్ట్ర సుప్రీంకోర్టు ఏడుగురు జడ్జీలూ ఒకే మాటగా చెప్పి, చట్టాన్ని కొట్టేశారు.

2019లో బెషీర్ అదే బెవిన్ మీద గవర్నర్ పదవికి పోటీ చేశారు. తన జంట అభ్యర్థిగా బడిలో పాఠాలు చెప్పిన జాక్విలిన్ కోల్‌మన్‌ను ఎంచుకున్నారు. పద్నాలుగు లక్షల ఓట్లు పోలైన ఆ ఎన్నికలో 5,136 ఓట్లతో గెలిచారు. ట్రంప్‌కు మూడేళ్ల ముందు ముప్పై శాతం ఆధిక్యం ఇచ్చిన రాష్ట్రంలో డెమోక్రాట్ గెలవడం చిన్న విషయం కాదు. బెషీర్ ఆ కేసు వేసింది టీచర్ల కోసమా, తన కోసమా అని అప్పుడు చాలామంది అడిగారు. ప్రశ్నలో న్యాయం ఉంది. కానీ ఆ కేసులో వాదన నిలబడింది, టీచర్ల పెన్షన్ నిలబడింది. లాయరు మనసులో ఏముందో కొలిచే తూకం ఏదీ లేదు. కోర్టులో ఏం నిలిచిందో, క్లయింటు చేతికి ఏం అందిందో అన్నవే చూడాలి.

ఆ తర్వాత బెషీర్ వదిలిన కుర్చీలోకి రిపబ్లికన్ డేనియల్ కామెరాన్ వచ్చారు. కొవిడ్ ఆంక్షల మీద గవర్నర్ బెషీర్‌ను కోర్టుకు లాగారు. 2023లో గవర్నర్‌కు పోటీ చేశారు. ముందు నాయకుడు నడిచిన దారే, అడుగులో అడుగు. ఓడిపోయారు. లూయీవిల్‌లో పోలీసుల కాల్పుల్లో బ్రియానా టేలర్ అనే యువతి చనిపోయిన కేసు కామెరాన్ చేతికే వచ్చింది. ఆమె చావుకు గాను రాష్ట్రం తరఫున ఏ పోలీసు మీదా అభియోగం నమోదు కాలేదు. పక్క ఇంట్లోకి దూసుకెళ్లిన తూటాలకు మాత్రం ఒకరి మీద కేసు పెట్టారు. ఆ నిర్ణయం ఆయన వెంటే వచ్చింది. వేసిన కేసు ఓట్లు తెచ్చినట్టే, పెట్టని కేసు కూడా ఓటర్లకు గుర్తుంటుంది.

చేతులు కలపడం రాని వాళ్లు

మసాచుసెట్స్‌లో చాలాకాలం అటార్నీ జనరల్ పదవిని ఒక శాపంలా చెప్పుకునేవారు. ఫ్రాంక్ బెలోటీ, స్కాట్ హార్ష్‌బార్గర్, టామ్ రైలీ, మార్తా కోక్లీ, నలుగురూ అటార్నీ జనరళ్లే. వరసగా గవర్నర్ పదవికి పోటీ చేశారు, వరసగా ఓడారు. కోక్లీ 2010 జనవరిలో సెనేట్ ఉప ఎన్నికలో కూడా ఓడారు. చలిలో ఫెన్‌వే పార్క్ స్టేడియం బయట నిలబడి జనంతో చేతులు కలపమంటారా అన్నట్టు ఆమె ఒక విలేకరితో అన్న మాట ఊరంతా పాకింది. కేసులో సాక్ష్యాలు పేర్చడం ఒక విద్య, ముక్కూమొహం తెలియని మనిషితో రెండు నిమిషాలు మనసు విప్పి మాట్లాడటం ఇంకో విద్య. మొదటిది వచ్చినవాళ్లకు రెండోది వచ్చి తీరాలని లేదు. మౌరా హీలీ 2022లో గెలిచాకే ఆ వరస తెగింది. కాలేజీ రోజుల నుంచీ ఆమె బాస్కెట్‌బాల్ క్రీడాకారిణి, జట్టును నడిపిన మనిషి. ఆ అలవాటు ప్రచారంలో అక్కరకొచ్చిందనిపిస్తుంది.

న్యూయార్క్‌లో కథ వేరు. 1921 నాటి మార్టిన్ చట్టం అక్కడి అటార్నీ జనరల్‌కు వాల్‌స్ట్రీట్ మీద అసాధారణమైన అధికారం ఇస్తుంది. ఎలియట్ స్పిట్జర్ దాన్ని అటక మీద నుంచి దించి దుమ్ము దులిపారు. షేర్లు కొనమని జనానికి చెబుతూ, అవే షేర్లను లోపల ఈమెయిళ్లలో చెత్త అని రాసుకున్న బ్రోకరేజీల గుట్టు బయటపెట్టారు. 2003లో పది సంస్థలతో దాదాపు 140 కోట్ల డాలర్ల ఒప్పందం కుదిరింది. 2006లో గవర్నర్‌గా దాదాపు 70 శాతం ఓట్లతో గెలిచి, 2008 మార్చిలో వ్యభిచార ముఠాతో సంబంధం బయటపడి రాజీనామా చేశారు. ఆయన తర్వాతి అటార్నీ జనరల్ ఆండ్రూ కువోమో కూడా గవర్నర్ అయ్యారు. మహిళల ఫిర్యాదుల మీద అప్పటి అటార్నీ జనరల్ లెటీషియా జేమ్స్ ఆఫీసు నివేదిక ఇచ్చాక 2021 ఆగస్టులో దిగిపోయారు. జేమ్స్ ఆ అక్టోబరులో గవర్నర్‌కు పోటీ చేస్తానని ప్రకటించి, డిసెంబరులో తప్పుకున్నారు.

ఆమె ట్రంప్ మీద నడిపిన కేసు ఈ పదవిలోని చిక్కును బాగా చూపిస్తుంది. 2018 ఎన్నికల్లోనే ట్రంప్‌ను వదలనని ప్రచారం చేశారు. 2022లో ఆస్తుల విలువలు పెంచి చూపారని దావా వేశారు. 2024 ఫిబ్రవరిలో దాదాపు 35 కోట్ల 50 లక్షల డాలర్ల తీర్పు వచ్చింది. 2025 ఆగస్టులో అప్పీలు కోర్టు ఆ సొమ్ము మరీ ఎక్కువని రద్దు చేసింది, మోసం జరిగిందన్న నిర్ధారణను మాత్రం ఉంచింది. ఆ అక్టోబరులో కేంద్ర న్యాయశాఖ జేమ్స్ మీదే ఇంటి రుణం విషయంలో అభియోగం మోపింది. ప్రాసిక్యూటర్ నియామకమే చెల్లదని నవంబరులో జడ్జి దాన్ని కొట్టేశారు. ఫైలు తెరవక ముందే ఒక మనిషి పేరు చెప్పి ఓట్లు అడగడం తప్పు. సాక్ష్యం ఎంత బలంగా ఉన్నా ఆ కేసు మీద కక్ష అన్న మచ్చ పోదు. ఆ మచ్చే అవతలివాళ్లకు ఆయుధం అవుతుంది.

రెండు పక్షాల లాయర్లు

1990ల దాకా అటార్నీ జనరళ్లు పార్టీ చూడకుండా కలిసి పనిచేసేవారు. 1907 నుంచి వాళ్లకు ఒక ఉమ్మడి సంఘం ఉంది. పొగాకు ఒప్పందం తర్వాత ఈ పదవికి ఎంత బలం ఉందో కంపెనీలకు అర్థమైంది. 1999లో రిపబ్లికన్ అటార్నీ జనరళ్లు సొంత సంఘం పెట్టుకున్నారు, డెమోక్రాట్లూ అదే పని చేశారు. రెండిటికీ కంపెనీల విరాళాలు మొదలయ్యాయి. పదవిలో ఉన్నవాళ్ల మీద అవతలి పక్షం డబ్బు ఖర్చు పెట్టకూడదన్న పెద్దమనిషి ఒప్పందం ఒకటి ఉండేది, 2017లో రిపబ్లికన్ సంఘం దాన్ని వదిలేసింది. ఓక్లహోమా అటార్నీ జనరల్ స్కాట్ ప్రూయిట్ 2011లో కేంద్ర ప్రభుత్వ పర్యావరణ సంస్థకు పంపిన ఒక లేఖను నిజానికి డెవన్ ఎనర్జీ అనే కంపెనీ లాయర్లు రాసిచ్చారని తర్వాత పత్రికల్లో బయటపడింది. ఆయనే 2017లో ఆ పర్యావరణ సంస్థకు అధిపతి అయ్యారు. ప్రజల వకీలు లెటర్‌హెడ్ మీద కంపెనీ వకీలు మాట రావడం ఈ పదవికి పట్టిన చీడల్లో అన్నిటికంటే చెడ్డది.

ఇప్పుడు వాషింగ్టన్ డీసీలో ఏ పార్టీ అధికారంలో ఉంటే, అవతలి పార్టీ అటార్నీ జనరళ్లంతా కలిసి దాని మీద దావా వేస్తారు. ఇందుకు దారి తెరిచింది మసాచుసెట్స్. కార్బన్ కాలుష్యం మీద 2007లో సుప్రీంకోర్టు 5–4 తేడాతో ఇచ్చిన తీర్పులో, కేంద్రాన్ని కోర్టుకు లాగే విషయంలో రాష్ట్రాలకు ప్రత్యేక మన్నన ఉంటుందని చెప్పింది. డెమోక్రాట్లు గెలిచిన ఆ కేసును టెక్సస్ రిపబ్లికన్లు బాగా వాడుకున్నారు. పొద్దున ఆఫీసుకు వెళ్తా, ఒబామా మీద కేసు వేస్తా, ఇంటికి వెళ్తా అని గ్రెగ్ అబట్ సభల్లో చెప్పేవారు. పత్రాలు లేని వలసదారులు కొందరు దేశంలో ఉండేందుకు వీలిచ్చే ఒబామా విధానం మీద 2014 డిసెంబరులో టెక్సస్ వేసిన దావాలో చివరికి మొత్తం 26 రాష్ట్రాలు చేరాయి. కోర్టుకెక్కడానికి టెక్సస్ చూపిన నష్టం ఏమిటంటే, కొత్తగా అర్హత వచ్చేవాళ్లకు డ్రైవింగ్ లైసెన్సులు ఇవ్వడానికి అయ్యే ఖర్చు. అది చాలని కోర్టు అంది, విధానం దేశమంతటా ఆగిపోయింది.

2017 జనవరి 27న ట్రంప్ ఏడు ముస్లిం దేశాల ప్రయాణికులను ఆపినప్పుడు, బాబ్ ఫెర్గూసన్ వాషింగ్టన్ యూనివర్సిటీల్లో చదువు చెప్పేవాళ్లు, చదువుకునేవాళ్లు ఇరుక్కుపోయారని చూపించి మూడు రోజుల్లో దావా వేశారు. ఫిబ్రవరి 3న సియాటెల్ జడ్జి దేశమంతటా ఆపేశారు. అప్పీలు కోర్టు ఆ స్టేను సమర్థిస్తూ, ఒబామా మీద టెక్సస్ గెలిచిన తీర్పునే ఉదహరించింది. అప్పటిదాకా తన రాష్ట్రం దాటి పెద్దగా ఎవరికీ తెలియని, యువకుడిగా చదరంగంలో రాష్ట్ర చాంపియన్ అయిన ఫెర్గూసన్ ఆ వారంతో దేశానికి తెలిశారు. ఎనిమిదేళ్ల తర్వాత గవర్నర్ అయ్యారు.

2025 జూన్ 27న సుప్రీంకోర్టు ఈ ఆటకు కొత్త హద్దు పెట్టింది. పుట్టుకతో వచ్చే పౌరసత్వం కేసులోనే, ఒక జిల్లా జడ్జి కోర్టుకు వచ్చినవాళ్లకు సరిపడా ఊరట ఇవ్వాలి గానీ దేశమంతటా వర్తించే స్టే ఇవ్వకూడదని 6–3 తేడాతో తేల్చింది. దాంతో ఒక లెక్క బయటికొచ్చింది. దావా వేసింది 22 రాష్ట్రాలు. మిగిలిన 28లో ముప్పై రోజుల తర్వాత ఆ ఉత్తర్వు అమల్లోకి రావచ్చు. తెలుగువాళ్లు ఎక్కువగా ఉండే రాష్ట్రాల్లో కాలిఫోర్నియా, న్యూజెర్సీ, ఇల్లినాయ్ దావాలో ఉన్నాయి. టెక్సస్, జార్జియా లేవు. ఎడిసన్ ఆసుపత్రిలో పుట్టిన బిడ్డకు ఒక చట్టం, డాలస్ పక్కన ఫ్రిస్కోలో పుట్టిన బిడ్డకు ఇంకో చట్టం అయ్యే పరిస్థితి. ఇద్దరి తల్లిదండ్రులూ ఒకే ఊరి నుంచి, ఒకే వీసా మీద వెళ్లినవాళ్లయినా సరే.

దావా ముందుండి నడిపిన వాళ్లలో ఒకరైన న్యూజెర్సీ అటార్నీ జనరల్‌ను గవర్నర్ నియమించారు. ఆయన ఓటు అడిగి వచ్చిన మనిషి కాదు. దావాకు దూరంగా ఉన్న టెక్సస్ అటార్నీ జనరల్ కెన్ ప్యాక్స్‌టన్ అప్పటికే 2026 సెనేట్ ఎన్నికకు అభ్యర్థి. జార్జియా అటార్నీ జనరల్ క్రిస్ కార్ గవర్నర్ పదవికి అభ్యర్థి. ఇద్దరూ ముందు రిపబ్లికన్ ప్రైమరీ, అంటే పార్టీ అభ్యర్థిని ఎంచుకునే ఎన్నిక, గెలవాల్సినవాళ్లు. ట్రంప్ ఉత్తర్వు మీద కేసు వేసి ఆ ప్రైమరీలో ఓటు అడగడం జరిగే పని కాదు.

జులై 10న న్యూహాంప్‌షైర్‌లో ఇంకో జడ్జి, పుట్టబోయే పిల్లలందరి తరఫున వేసిన దావాలో ఆ ఉత్తర్వును మళ్లీ దేశమంతటా ఆపారు. మధ్యలో గడిచింది పదమూడు రోజులు. ఆ పదమూడు రోజులూ ఫ్రిస్కోలో నెలలు నిండిన తల్లికి తన రాష్ట్ర అటార్నీ జనరల్ ఎవరన్నది పట్టించుకోవలసిన సంగతి అయింది. ప్యాక్స్‌టన్ సెనేట్‌ పోటీకి దిగినందున 2026 నవంబరులో ఆ కుర్చీకి కొత్త మనిషిని ఎన్నుకుంటారు. పౌరసత్వం వచ్చిన తెలుగువాళ్లకూ అందులో ఓటుంది. టెక్సస్ బ్యాలెట్‌లో గవర్నర్, లెఫ్టినెంట్ గవర్నర్ పేర్ల కింద వచ్చే వరస అదే.